రెండు ఊళ్ల దొరతనం

1850ల్లో గోథా ఊరివాళ్లు ఉత్తరం రాస్తే కవరు మీద గ్రోషెన్ బిళ్ల అంటించేవాళ్లు. కోబర్గ్ నుంచి వచ్చిన జవాబు మీద క్రాయిట్జర్ బిళ్ల ఉండేది. రెండు ఊళ్లకీ దొర ఒక్కడే. అయినా గోథాలో నడిచేది ఉత్తర జర్మనీ వాళ్ల థాలర్, దానికి 30 గ్రోషెన్లు. కోబర్గ్‌లో నడిచేది దక్షిణాది వాళ్ల గుల్డెన్, దానికి 60 క్రాయిట్జర్లు. డ్యూక్‌గారు ఒక కోట నుంచి రెండో కోటకి బయల్దేరితే ఖజానాదారు రెండు సంచులు కట్టుకోవాల్సి వచ్చేదన్నమాట.

ఆ సంస్థానం పేరు సాక్స్-కోబర్గ్-గోథా. జర్మనీ నడుమ థురింజియా అడవి కొండలున్నాయి. వాటికి ఉత్తరాన గోథా, దక్షిణాన కోబర్గ్. మధ్యలో ప్రష్యా వాళ్ల నేల, మైనింగెన్ డ్యూక్ నేల. దొరగారు తన రాజధాని నుంచి తన రాజధానికే పోవాలన్నా పరాయి పొలిమేరలు దాటాలి. రెండు ముక్కలూ కలిపితే దాదాపు 1,977 చదరపు కిలోమీటర్లు. 1910 జనాభా లెక్కల్లో రెండున్నర లక్షల పైచిలుకు మనుషులు. ఈ సంస్థానం 1826లో పుట్టి 1918లో పోయింది.

నాకు దీంతో పరిచయం అట్లాసుల వల్ల కలిగింది. పాత అట్లాసులు తిరగెయ్యడం నాకు చిన్నప్పటి నుంచీ ఉన్న పిచ్చి. స్టీలర్ అట్లాసు ఏ పేజీ తీసినా కింద అంచున సన్నటి అక్షరాల్లో ఊరు గోథా అని, అచ్చువేసినవాడు యుస్టుస్ పెర్తెస్ అని ఉంటుంది. ఆఫ్రికా పటం కిందా అదే, హిందూదేశం పటం కిందా అదే. ప్రపంచాన్నంతా గీసి అమ్మిన ఆ ఊరు ఎక్కడుందో చూద్దామని జర్మనీ పేజీ తీస్తే, రంగులు మారే సన్నటి గీతల గందరగోళంలో ఒక చుక్క. ఆ గీతలు అలా ఎందుకు పడ్డాయో తెలియాలంటే రెండు వందల ఏళ్లు ఇంకా వెనక్కి పోవాలి.

మన ఏడు చేపల కథలోలాగే ఒక రాజుగారు, ఆయనకి ఏడుగురు కొడుకులు. రాజుగారి పేరు ఎర్న్‌స్ట్. భక్తి ఎక్కువ కాబట్టి భక్త ఎర్న్‌స్ట్ అనే చరిత్ర ఆయన్ని పిలుస్తుంది. ముప్పయ్యేళ్ల యుద్ధం జర్మనీని పీల్చి పిప్పిచేస్తున్న కాలంలో, 1640లో, అన్నదమ్ముల పంపకాల్లో గోథా ఆయన వాటాకి వచ్చింది. ఊరి గుట్ట మీద ఉన్న పాత దుర్గాన్ని శత్రువులు 1567లోనే నేలమట్టం చేశారు. ఎర్న్‌స్ట్ 1643లో, యుద్ధం ఇంకా నడుస్తుండగానే, ఆ గుట్ట మీద ఫ్రీడెన్‌స్టైన్ కోట మొదలుపెట్టాడు. కట్టడం పూర్తవడానికి పదేళ్లు పైనే పట్టింది.

కోటకంటే ముందు ఆయన బడి సంగతి చూశాడు. 1642లో గోథా బడులకి ఒక విధానం అచ్చయి వచ్చింది. అయిదేళ్లు నిండిన పిల్లలందరూ, ఆడా మగా తేడా లేకుండా, బడికి పోవాలి. పంపని తల్లిదండ్రులకి జరిమానా. చదవడం, రాయడం, లెక్కలు, దైవచింతనతో పాటు మొక్కలూ జంతువులూ కొలతలూ కూడా నేర్పాలి. ఆ పాఠ్యపుస్తకాలు రాసే పనంతా ఆంద్రెయాస్ రైహర్ అనే పంతులుగారి నెత్తిన పడింది. ఊళ్లు తగలబడి, జనం ఆకలితో చస్తున్న రోజుల్లో ఒక చిన్న దొర పలకా పుస్తకం గురించి ఆలోచించడం నాకు ఎప్పుడూ ఆశ్చర్యమే. పెద్ద సైన్యం పెట్టుకునే స్తోమతు లేకపోవడం వల్లే ఆ తీరిక దొరికిందేమోనని కూడా అనిపిస్తుంది.

1666లో ఈ ఎర్న్‌స్ట్ కొలువులో న్యాయ సలహాదారుగా ఒక పెద్దమనిషి కుటుంబంతో సహా వచ్చి దిగాడు. ఆయన కొడుక్కి అప్పుడు మూడేళ్లు. ఆ పిల్లవాడు గోథా బడిలోనే చదువుకున్నాడు. అతనే ఔగుస్ట్ హెర్మన్ ఫ్రాంకె. పెద్దయ్యాక హాలే పట్నంలో అనాథ పిల్లలకి ఆశ్రమం, బడులు, అచ్చాఫీసు పెట్టాడు. ఆ హాలే నుంచి మన దేశానికి పాదిరీలు వచ్చారు. వాళ్లలో బెంజమిన్ షుల్జ్ 1719లో తరంగంబాడి చేరి, తర్వాత మద్రాసులో ఉండి తెలుగు నేర్చాడు. 1743లో తిరిగి వెళ్లి, 1746–47ల్లో హాలేలోనే తెలుగు అక్షరాలతో చిన్న చిన్న మతగ్రంథాలు అచ్చువేయించాడు. మనకు తెలిసిన తొలి తెలుగు అచ్చు పుస్తకాలు అవే. గోదావరి, కృష్ణ పేర్లు కూడా వినని ఒక డ్యూక్ పెట్టిన బడి నుంచి మన అచ్చక్షరం దాకా ఇలా ఒక సన్నటి దారి ఉంది.

ఎర్న్‌స్ట్ 1675లో పోయాడు. అయిదేళ్లు తిరక్కుండానే ఏడుగురు కొడుకులూ రాజ్యాన్ని ఏడు వాటాలు వేసుకున్నారు. పెద్దవాడికి గోథా, రెండోవాడికి కోబర్గ్, అందరికంటే చిన్నవాడికి కొండల అంచున సాల్‌ఫెల్డ్. ప్రతివాడికీ ఒక కోట, ఒక కొలువు, ఒక ప్రార్థనాలయం, వీలైతే ఒక నాటకశాల కావాలి. ఐజెన్‌బర్గ్ వాటా దక్కిన కొడుకు బంగారం తయారుచేస్తానని మూసలూ కొలుములూ పెట్టుకుని, అప్పులు మిగిల్చి పోయాడు. కోబర్గ్ కొడుక్కీ మగపిల్లలు దక్కలేదు. ఆ ఖాళీ వాటా ఎవరిదని దాయాదులు దశాబ్దాల తరబడి వ్యాజ్యమాడుకున్నారు. చివరికి 1735లో కోబర్గ్ సాల్‌ఫెల్డ్ చిన్నోడి వంశం చేతికి వచ్చింది.

వచ్చిందే గానీ నిలబెట్టుకునే డబ్బు లేదు. 1773లో చక్రవర్తి పంపిన అప్పుల కమిషన్ కోబర్గ్‌లో కూర్చుంది. రాబడి వాళ్ల చేతికి పోతుంది, దొరకి నెలవారీ ఖర్చుకి కొంత ఇస్తారు. మూడు దశాబ్దాలు అలాగే నడిచింది. అంత అప్పుల్లో ఉన్న ఇల్లు ఆ తర్వాత నాలుగు సింహాసనాల దాకా ఎలా పాకిందన్నది యూరప్ చరిత్రలో నాకు బాగా ఇష్టమైన కథ. ఆ కథ నడిపింది ఔగుస్తె అనే ఇల్లాలు, ఫ్రాన్స్ డ్యూక్ భార్య. ఇక్కడ ఫ్రాన్స్ అన్నది ఆయన పేరు, దేశం కాదు. ఆయనకి చిత్రాల ముద్రలు సేకరించడం మీద తప్ప దేని మీదా మోజు లేదు. పిల్లల పెళ్లిళ్ల భారమంతా ఆవిడదే.

1795లో రష్యా మహారాణి కేథరిన్ తన మనవడికి పిల్లని వెతుకుతోందని తెలిసి ఔగుస్తె ముగ్గురు కూతుళ్లని వెంటబెట్టుకుని సెయింట్ పీటర్స్‌బర్గ్ వెళ్లింది. అంత దూరం బళ్ల మీద, పెళ్లిచూపులకి. పద్నాలుగేళ్ల యూలియానాని ఎంచుకున్నారు. మరుసటి ఏడాది పెళ్లి. మొగుడు కాన్‌స్టంటీన్ కర్కోటకుడు, ఆ పిల్ల 1801లో రష్యా వదిలి వెళ్లిపోయింది. సంసారం నిలవకపోయినా సంబంధం నిలిచింది. నెపోలియన్ కోబర్గ్‌ని మింగకుండా అడ్డుపడ్డది ఆ రష్యా చుట్టరికమే. ఆఖరి కొడుకు లియోపోల్డ్ 1816లో ఇంగ్లండు యువరాణి షార్లట్‌ని పెళ్లాడాడు. మరుసటి ఏడాదే ఆమె పురిట్లో పోయింది. లేకపోతే ఇంగ్లండు మహారాణి భర్త అయ్యేవాడు. 1831లో బెల్జియం వాళ్లకి కొత్తగా రాజు కావలసి వస్తే అతన్నే పిలిచారు. అతని అన్న కొడుకు ఫెర్డినాండ్ 1836లో పోర్చుగల్ రాణిని చేసుకున్నాడు. ఇంకొక శాఖవాడు 1887లో బల్గేరియా ఏలికయ్యాడు. ఆ వంశంలో ఆఖరి రాజు సిమియోన్ 2001లో ఎన్నికల్లో నెగ్గి బల్గేరియాకి ప్రధానమంత్రి కావడం ఇంకో వింత.

ఈ సంబంధాలన్నిటి పక్కన ఒక పాడైపోయిన సంసారం ఉంది. చరిత్ర పుస్తకాలు దాన్ని ఒక పేరాలో దాటేస్తాయి. గోథా వంశంలో చివరి ఆడపిల్ల లుయీజ. ఆమెకి పదహారేళ్లప్పుడు, 1817లో, ముప్పై మూడేళ్ల కోబర్గ్ డ్యూక్ ఎర్న్‌స్ట్‌కిచ్చి పెళ్లి చేశారు. 1818లో పెద్దకొడుకు ఎర్న్‌స్ట్, 1819లో చిన్నకొడుకు ఆల్బర్ట్. డ్యూక్‌కి బయటి సంబంధాలకి లోటు లేదు. భార్య మీద మాత్రం నింద పడింది. 1824లో ఆమెని రైన్ నది అవతల, వందల మైళ్ల దూరంలో, సాంక్ట్ వెండెల్ అనే ఊరికి పంపేశారు. అప్పటికి ఆల్బర్ట్‌కి అయిదేళ్లు. మళ్లీ ఆమె ఆ పిల్లల మొహం చూడలేదు. 1831లో, ముప్పయ్యేళ్లకే, పారిస్‌లో పుట్టకురుపుతో పోయింది.

మధ్యలో 1825లో గోథా వంశపు చివరి మగవాడు, లుయీజ పినతండ్రి, పిల్లల్లేకుండా చనిపోయాడు. మళ్లీ దాయాదులు, మళ్లీ పంపకాలు. 1826 నవంబరులో సాక్సనీ రాజు పెద్దమనిషిగా కూర్చుని ఒప్పందం కుదిర్చాడు. కోబర్గ్ డ్యూక్ సాల్‌ఫెల్డ్‌ని మైనింగెన్‌కి వదిలేసి గోథా తీసుకున్నాడు. అదే ఏడాది మార్చిలో లుయీజకి విడాకులిచ్చాడు. ఇల్లాలిని గెంటేసిన మనిషికి ఇల్లాలి పుట్టిల్లు దక్కింది. సాక్స్-కోబర్గ్-గోథా అనే జోడు పేరు అలా ఏర్పడింది. అట్లాసులో చూసిన ఆ రెండు ముక్కలూ అలా ఒక దొర కిందికి వచ్చాయి.

తల్లిలేని ఆ చిన్నవాడు ఆల్బర్ట్ 1840 ఫిబ్రవరిలో ఇంగ్లండు మహారాణి విక్టోరియాని పెళ్లాడాడు. విక్టోరియా తల్లి, ఆల్బర్ట్ తండ్రి సొంత అన్నాచెల్లెళ్లు, ఒకే ఔగుస్తె కడుపున పుట్టినవాళ్లు. అంటే ఆల్బర్ట్ చేసుకున్నది మేనత్త కూతుర్ని. మన ఇళ్లలో ఇది వినగానే తల ఊపేవాళ్లు చాలామంది ఉంటారు. ఇద్దరికీ పురుడు పోసిన చెయ్యి కూడా ఒకటే. షార్లట్ ఫాన్ జీబోల్డ్ అనే వైద్యురాలు 1819 మే నెలలో లండన్‌లో విక్టోరియాకి, ఆగస్టులో కోబర్గ్ పక్కన రోజెనావ్ అనే చిన్న కోటలో ఆల్బర్ట్‌కి మంత్రసాని. ఆల్బర్ట్ పోయాక, 1865లో, విక్టోరియా కోబర్గ్ సంతవీధిలో అతని విగ్రహాన్ని తన చేతుల మీదుగా ఆవిష్కరించింది. ఇప్పటికీ ఆ విగ్రహం అక్కడే ఉంది. చుట్టూ దేవదారు కాయల నిప్పుల మీద కాల్చే మాంసపు సాసేజ్‌ల పొగ.

వాళ్ల కొడుకు ఏడో ఎడ్వర్డ్. 1901 నుంచి 1910 దాకా ఏలాడు. తండ్రి వైపు నుంచి లెక్క గనక ఆయన వంశం పేరు సాక్స్-కోబర్గ్-గోథా. మన తాతల బొడ్డుసంచుల్లో మూలిగిన ఆ కాలపు వెండి రూపాయి మీద ఉన్న బోడితల మొహం ఈ సంస్థానపు మనవడిదే. అంతకు ముందు కూడా గోథా నెత్తురు లండన్ గద్దె మీద కూర్చుంది. మూడో జార్జి తల్లి ఔగుస్టా గోథా ఆడపడుచు. 1765లో ఢిల్లీ పాదుషా ఉత్తర సర్కార్లని కంపెనీకి రాసిచ్చినప్పుడు ఇంగ్లండులో ఏలుతున్నది ఆమె కొడుకే.

సరే, రాజుల గొడవ అట్లా ఉంచుదాం. నా మనసు ఎప్పుడూ గోథా అచ్చాఫీసుల దగ్గరే ఆగుతుంది. పెర్తెస్ 1785లో దుకాణం తెరిచాడు. మొదట ఆయనకి బతుకుతెరువు ఒక పంచాంగం లాంటి చిన్న పుస్తకం, గోథా అల్మనాక్. 1763లో మొదలై ఏటేటా వచ్చేది. యూరప్‌లో ఏ రాజు ఎవరి కొడుకు, ఎవర్ని పెళ్లాడాడు, ఏ రోజున పుట్టాడు, ఏ ఇంటితో ఏ ఇల్లు సమానం, అంతా అందులో ఉండేది. సమానం కాని ఇంట్లో పెళ్లిచేసుకుంటే పిల్లలు వారసులు కారు కాబట్టి, పెళ్లి మాటలకి ముందు పెద్దలు ఈ చిన్న పుస్తకం తిరగేసేవాళ్లు. ప్రష్యా లాంటి పెద్ద రాజ్యం ఈ పని చేస్తే మిగతావాళ్లు నమ్మరు. ఎవరికీ భయం పుట్టించలేని గోథా రాస్తే అందరూ నమ్మారు. నెపోలియన్ ఒక్కడే తన పేరు సరైన చోట లేదని పేచీ పెట్టాడు.

అల్మనాక్ సంపాదించిపెట్టిన డబ్బు పటాల్లోకి వెళ్లింది. అడోల్ఫ్ స్టీలర్ అనే సంస్థాన ఉద్యోగి 1817 నుంచి అట్లాసు భాగాలు భాగాలుగా తెచ్చాడు. 1855లో ఔగుస్ట్ పీటర్‌మాన్ తన పేరుతో ఒక భూగోళ పత్రిక మొదలుపెట్టాడు. ఆఫ్రికా నడిబొడ్డు నుంచీ ఉత్తర ధ్రువపు మంచులోంచీ ప్రయాణికులు రాసిన ఉత్తరాలు, దినచర్యలు, చేతిగీతలు గోథాకి వచ్చిపడేవి. సమర్థులైన చెక్కుడు పనివాళ్లు వాటిని రాగిరేకుల మీదకి ఎక్కించేవాళ్లు. కొత్త నది కనిపెట్టారన్న వార్త వస్తే పాత పటం మీద రాగిని వెనకవైపు నుంచి కొట్టి చదును చేసి, మళ్లీ చెక్కి, కొత్త ముద్ర వేసేవాళ్లు. సముద్రం ఏ వైపునా లేని ఊళ్లో సముద్రాల లోతులు గీశారు. తెలియని చోటుని తెల్లగా వదిలెయ్యడం పీటర్‌మాన్ పాటించిన నియమం. ఊహించి కొండలు పెట్టెయ్యకూడదు. ఆ తెల్లటి ఖాళీలే జనాన్ని ప్రయాణాలకి పురికొల్పాయి. ఆ తర్వాత వలసదొరలు కూడా అవే పటాలు పట్టుకుని బయల్దేరారన్నది మరిచిపోకూడదు.

అదే ఊళ్లో ఆర్నోల్డి అనే వర్తకుడు ఇంకోరకం కాగితం పుట్టించాడు. అప్పట్లో జర్మనీలో కొట్లకి అగ్ని భీమా కావాలంటే ఇంగ్లీషు కంపెనీల దగ్గరికి పోవాలి, వాళ్లు అడిగిన రేటు ఇవ్వాలి. ఆర్నోల్డి 1820లో వర్తకులందరినీ కూడగట్టి, లాభం వస్తే పాలసీదార్లకే తిరిగి పంచే పద్ధతిలో అగ్ని భీమా బ్యాంకు పెట్టాడు. 1827లో జీవిత భీమా. ఆయన పెట్టిన సంస్థ గోథా పేరుతోనే ఇప్పటికీ నడుస్తోంది, ఆఫీసు మాత్రం కొలోన్‌లో.

1844లో లుయీజ పెద్దకొడుకు రెండో ఎర్న్‌స్ట్ గద్దెనెక్కి 1893 దాకా ఏలాడు. ఆయనది విచిత్రమైన మనసు. తండ్రిలాగే ఆడవాళ్ల విషయంలో చెడ్డపేరు. కానీ పాలనలో చెయ్యి పెద్దది. 1852లో రెండు ముక్కలకీ కలిపి ఒక రాజ్యాంగం ఇచ్చాడు. పెద్ద రాజ్యాల్లో పోలీసులు తరిమిన వాళ్లకి ఇక్కడ సభలు పెట్టుకునే వీలుండేది. 1860లో జర్మన్ వ్యాయామశాలల మొదటి పండగ కోబర్గ్‌లో, 1861లో తుపాకీ గురి పందేల పండగ గోథాలో, 1862లో గాయక సంఘాల సమాఖ్య కోబర్గ్‌లో. 1875 మేలో రెండు సోషలిస్టు పార్టీలు ఒకటయ్యింది గోథాలోనే. ఆ సభ ఆమోదించిన ప్రణాళిక మీద మార్క్స్ విసుక్కుంటూ రాసిన విమర్శ మన కమ్యూనిస్టు తరగతుల్లో కూడా చాలామంది చదివి ఉంటారు. గోథా అనే మాట తెలుగునేల మీద బహుశా ఆ దారినే ఎక్కువ వినపడింది.

రెండో ఎర్న్‌స్ట్ ఒపేరాలు కూడా రాశాడు. 1854లో ఒకదాని తొలి ప్రదర్శనకి లిస్ట్ అంతటివాడు గోథా వచ్చి వాద్యబృందాన్ని నడిపాడు. సంగీతం సంగతి చెప్పాలంటే, దొరగారిది కాకపోతే వచ్చేవాడు కాదేమో. రెండు ఊళ్లలోనూ 1840లో కొత్త నాటకశాలలు తెరిచారు. నటులు, గాయకులు, తెరలు, దుస్తుల పెట్టెలు అన్నీ ఒక్క బృందానివే. ఏడాదిలో కొన్ని నెలలు గోథాలో, కొన్ని నెలలు కోబర్గ్‌లో. 1858లో ఐజెనాఖ్ నుంచి వెర్రా లోయ వెంబడి కోబర్గ్‌కి రైలు పడ్డాక ఆ రాకపోకలు తేలికయ్యాయి.

ఇంకో రెండు సంగతులు చెప్పకుండా ఉండలేను. వియన్నా వాల్ట్‌జ్‌ల యోహాన్ స్ట్రౌస్‌కి రెండో సంసారం చెడి, ఆడేల్ అనే ఆవిడని పెళ్లాడాలని కోరిక. కేథలిక్ ఆస్ట్రియాలో విడాకుల తర్వాత పెళ్లి కుదరదు. ఆయన మతం మార్చుకుని, ఆస్ట్రియా పౌరసత్వం వదులుకుని, సాక్స్-కోబర్గ్-గోథా పౌరుడయ్యాడు. 1887 ఆగస్టులో కోబర్గ్‌లో పెళ్లి జరిగింది. నీలి డాన్యూబ్ కట్టినవాడు చనిపోయింది కోబర్గ్ పౌరుడిగానే. రెండోది శవదహనం. క్రైస్తవ జర్మనీలో పూడ్చడమే పద్ధతి, కాల్చడానికి ఎక్కడా అనుమతి లేదు. రెండో ఎర్న్‌స్ట్ ఒప్పుకున్నాడు. జర్మనీలో మొదటి శ్మశాన కొలిమి 1878 డిసెంబరులో గోథాలో వెలిగింది. ఆ తర్వాత చాలా ఏళ్లు ఎక్కడెక్కడి నుంచో శవపేటికలు రైళ్లలో గోథాకి వచ్చేవి. నోబెల్ శాంతి బహుమతి పొందిన బెర్తా ఫాన్ సుట్నర్ 1914లో వియన్నాలో పోతే ఆమెని కూడా ఇక్కడికే తెచ్చి దహనం చేశారు. ఆమె అస్థికలు గోథాలోనే ఉన్నాయి.

రెండో ఎర్న్‌స్ట్‌కి వారసులు లేరు. గద్దె ఇంగ్లండు వైపు తిరిగింది. 1893లో విక్టోరియా రెండో కొడుకు ఆల్ఫ్రెడ్ వచ్చాడు. ఇతను నౌకాదళం మనిషి, 1869లో మన దేశానికి ఓడ మీద వచ్చిన మొదటి ఇంగ్లండు రాజకుమారుడు. ఓడలు తెలిసినవాడికి అడవి కొండల మధ్య కోట ఇచ్చారు. 1894 ఏప్రిల్‌లో అతని కూతురి పెళ్లికి కోబర్గ్‌లో సగం యూరప్ దిగింది. ఆ సందడిలోనే రష్యా యువరాజు నికొలస్‌కీ హెస్సె అమ్మాయి ఆలిక్స్‌కీ మాట కుదిరింది. అందరూ కలిసి తీయించుకున్న ఫోటో ఉంది. మధ్యలో ముసలి విక్టోరియా, పక్కన జర్మనీ కైజర్ విల్‌హెల్మ్, వెనక నికొలస్. ఇరవై ఏళ్లకి అందులోని మనవలే ఒకరి మీదకి ఒకరు సైన్యాలు పంపారు.

ఆల్ఫ్రెడ్ ఒక్కగానొక్క కొడుకు 1899లో, ఆల్ఫ్రెడ్ 1900లో పోయారు. ఇంగ్లండులో ఈటన్ బడి చదువుకుంటున్న విక్టోరియా మనవడు, పదహారేళ్ల కార్ల్ ఎడ్వర్డ్‌ని పట్టుకొచ్చి డ్యూక్‌ని చేశారు. ఆ కుర్రాడు జర్మన్ అనిపించుకోవడానికి జన్మంతా కష్టపడ్డాడు, చాలా ఎక్కువే కష్టపడ్డాడు. మొదటి ప్రపంచ యుద్ధంలో గోథా రైలుపెట్టెల ఫ్యాక్టరీ బాంబర్ విమానాలు తయారుచేసింది. వాటి పేరూ గోథానే. 1917 జూన్ 13న అవి లండన్ మీద బాంబులేస్తే 162 మంది చనిపోయారు. వాళ్లలో ఒక బడి పిల్లలు 18 మంది. ఇంగ్లండు రాజు ఇంటిపేరు ఏమిటంటే సాక్స్-కోబర్గ్-గోథా! అయిదు వారాలు తిరక్కుండానే, జులై 17న, అయిదో జార్జి ఆ పేరు తీసేసి విండ్సర్ అని పెట్టుకున్నాడు.

1918 నవంబరు 9న గోథాలో కార్మికుల, సైనికుల మండలి డ్యూక్‌ని దించేశామని ప్రకటించింది. 14న ఆయన తన ఏలుబడి ముగిసిందని రాసిచ్చాడు. తర్వాత ఆయన బతుకు గురించి తొందరగా చెప్పి ముగిస్తాను. హిట్లర్ 1922లో కోబర్గ్‌కి తన దళాలతో వచ్చి వీధిపోరాటాలు చేశాడు. 1929లో జర్మనీ నగరసభల్లో మొట్టమొదట నాజీలు మెజారిటీ కొట్టింది కోబర్గ్‌లోనే. మాజీ డ్యూక్ వాళ్ల పార్టీలో చేరి, 1933 నుంచి 1945 దాకా జర్మన్ రెడ్‌క్రాస్ అధ్యక్షుడిగా ఉన్నాడు. ఆ కాలంలో ఆ సంస్థ ఏం చూసీ చూడనట్టు ఊరుకుందో తెలిసిందే. 1954లో కోబర్గ్‌లో పోయాడు. ప్రస్తుత స్వీడన్ రాజు ఆయన కూతురి కొడుకు.

దొర పోయాక రెండు ఊళ్లకీ మధ్య ఉన్న కట్టు తెగింది. కొత్త రిపబ్లిక్‌లో చిన్న సంస్థానాలన్నిటినీ కలిపి థురింజియా రాష్ట్రం చేస్తున్నారు. గోథా అందులోకి పోయింది. కోబర్గ్ వాళ్లు మాత్రం ఓటు వేస్తామన్నారు. 1919 నవంబరు 30న పది మందిలో దాదాపు తొమ్మిది మంది థురింజియా వద్దన్నారు. యుద్ధానంతరపు కరువులో బవేరియా వైపు తిండి దొరుకుతుందన్న ఆశ అందులో పెద్ద భాగం. 1920 జులై 1న కోబర్గ్ బవేరియాలో కలిసింది. నాటకశాలలూ, కోటలూ దక్కాలని బేరం కూడా గట్టిగానే చేశారు. దేశం ఒకటే, రాష్ట్రం వేరైంది. దాని వల్ల ఎవరికీ పెద్ద తేడా పడలేదు, 1945 దాకా.

1945 ఏప్రిల్ 4న అమెరికన్లు గోథాలోకి వచ్చారు. ఊరిని కాల్పులు లేకుండా అప్పగించాలని చూసిన దళాధికారి గాడొల్లాని మర్నాడు వైమార్‌లో సొంతవాళ్లే కాల్చేశారు. ఆ రోజుల్లోనే గోథా నాటకశాల తగలబడింది. జులైలో అమెరికన్లు వెనక్కి తగ్గి థురింజియాని రష్యన్లకి వదిలారు. బవేరియా అమెరికన్ల వాటా. ఆకలి రోజుల్లో తిండి కోసం వేసిన ఓటు కోబర్గ్‌ని రెండు జర్మనీల మధ్య లేచిన ముళ్లకంచెకి పడమటి వైపున నిలబెట్టింది. గోథా తూర్పున ఉండిపోయింది. నాటకశాల మొండిగోడల్ని 1958లో కూల్చేశారు. దాని జోడు కోబర్గ్‌లో ఇప్పటికీ నిలిచి ఉంది. అల్మనాక్ 1944 సంచికతోనే ఆగిపోయింది. పెర్తెస్ కుటుంబం పడమటికి తరలిపోయింది. గోథా అచ్చాఫీసుని ప్రభుత్వం తీసుకుని, 1955లో దానికి హెర్మన్ హాక్ అనే పటాలు గీసే ముసలాయన పేరు పెట్టి, బడిపిల్లల అట్లాసులు వేయించింది.

1979 డిసెంబరు 14 రాత్రి ఫ్రీడెన్‌స్టైన్ కోటలోంచి అయిదు పాత చిత్రాలు దొంగలెత్తుకుపోయారు. తూర్పు జర్మనీలో అంతటి చిత్రాల దొంగతనం మరొకటి లేదు. నలభై ఏళ్లకి అవి బయటపడి 2020లో గోడకెక్కాయి. కోట పడమటి బురుజులో 1680ల నాటి నాటకశాల మాత్రం చెక్కుచెదరలేదు. వేదిక కింద చెక్క ఇరుసులు, మోకులు. నలుగురైదుగురు కలిసి తిప్పితే కళ్లముందే అడవి పోయి అంతఃపురం వస్తుంది. పెర్తెస్ పటాలు, రాగిరేకులు, ఉత్తరాలు 2003లో థురింజియా ప్రభుత్వం కొనేసింది. లక్షా ఎనభై వేలకు పైగా పటాలు గోథాలోనే ఉన్నాయి, అడిగితే తీసి చూపిస్తారు.

కంచె 1989లో తెగింది. అయితే 1858 నాటి వెర్రా రైలు దారిలో కోబర్గ్‌కీ ఐస్‌ఫెల్డ్‌కీ మధ్య ముక్క మళ్లీ పడలేదు. వేస్తామని మాటలు ఉన్నాయి, రెండు రాష్ట్రాల్లోనూ సంఘాలు అడుగుతూనే ఉన్నాయి. 2017 డిసెంబరు నుంచి కొండల కింద సొరంగాల్లోంచి వేగంగా పోయే కొత్త రైలు నడుస్తోంది. కోబర్గ్‌లో అప్పుడొకటి ఇప్పుడొకటి ఆగుతాయి. ఎర్‌ఫుర్ట్‌లో దిగి గోథాకి ఇంకో బండి ఎక్కాలి. మొత్తం టికెట్టు ఒకటే, డబ్బు యూరోల్లో.